ఎవరికీ చెప్పకే

పొద్దున పూట ఆ ఇంట్లో ఎవరూ గట్టిగా దగ్గేవాళ్ళు కాదు. చిన్నకూతురి గది తలుపు మూసి ఉందంటే లోపల పాట రికార్డవుతోందన్నమాట. తల్లి కుక్కరు కింద మంట ఆర్పేసి, కూరగాయలు కూడా చప్పుడు కాకుండా తరిగేది. లిఫ్టులు బాగుచేసే తండ్రి బూట్లు చేత్తో పట్టుకుని, మునివేళ్ళ మీద గుమ్మం దాటి, మెట్ల మీద కూర్చుని తొడుక్కునేవాడు.

ఆ రోజు కూడా బూట్లు చేతిలో ఉండగానే ఆయన వంటింట్లోకి తొంగిచూశాడు.

"నిన్న ఓ ఆఫీసులో లిఫ్టు పని చూస్తున్నానా, అందులో ఎక్కిన పిల్ల మన గువ్వ పాటే పాడుకుంటోంది" అన్నాడు గుసగుసగా.

"మా అమ్మాయేనని చెప్పుంటారుగా?"

"ఎందుకు చెప్పను! పాపం, దిగాల్సిన చోట దిగకుండా నా సోదంతా వింటూ పైకీ కిందికీ తిరిగింది."

తల్లి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని నవ్వింది. ఆ ఇంట్లో నవ్వు కూడా ఆ మధ్య అలా చప్పుడు లేకుండానే నడిచేది.

గువ్వ అన్నది చిన్నకూతురికి తండ్రి పెట్టిన ముద్దుపేరు. పాటల మీద కూడా ఆ పేరే వేసుకుంది. పరుపును గోడకు నిలబెట్టి, తలుపుకు దుప్పటి కట్టి, బీరువాలో వేలాడే బట్టల మధ్య మైకు పెట్టుకుని, ఫ్యాను ఆపేసి చెమటలు కక్కుతూ పాడేది. లాప్‌టాప్‌కు ఇస్త్రీ బల్లే చోటు. చాలాకాలం ఆ పాటల్ని స్నేహితులు తప్ప ఎవరూ వినలేదు. తరువాత ఒక్క పాట ఆమె బతుకునే తిప్పేసింది. ఒక గదికి పసుపు రంగు వేయించుకుని, ఆ గదిలోకి రావలసిన మనిషి రాక, తలుపు మూసేసుకున్న ఒక స్త్రీ పాట అది. చివర్లో గిటారు ఆగిపోయాక, నీళ్ళ అడుగునుంచి వస్తున్నట్టు మసకగా, నెమ్మదిగా ఒక ఆడగొంతు, "ఎవరికీ చెప్పకే" అంటుంది. ఆ ఒక్క మాట కోసం జనం పాటను మళ్ళీ మళ్ళీ విన్నారు. బస్సుల్లో, కాలేజీ మెట్ల మీద ఒకళ్ళ చెవిలో ఒకళ్ళు దాన్ని అనుకుని నవ్వుకున్నారు. ఆ గొంతు ఎవరిదని అడిగిన ప్రతివాళ్ళకూ గువ్వ కళ్ళెగరేసి, "అదొక రహస్యం" అనేది.

ఇప్పుడు ఒక పెద్ద కంపెనీ ఆమె పాటలు తీసుకుంటోంది. ఆ శనివారమే మొదటిసారి వేదిక ఎక్కబోతోంది. ఉద్యోగం మానేసింది.

తండ్రి మెట్ల మీద రెండో బూటు తొడుక్కుంటుండగా పెద్దకూతురు ఎదురొచ్చింది. భుజాన సంచి. కళ్ళు ఉబ్బి ఉన్నాయి. కళ్ళద్దాల షాపులో పనిచేసే ఆమె ఆ వేళకు షాపులో ఉండాలి.

"ఏమ్మా, ఇంత పొద్దున్నే? అల్లుడేడీ?"

ఆమె ఆయన్ను దాటుకుని మెట్లెక్కింది. చెప్పులతోనే లోపలికి నడిచి, గువ్వ గది తలుపు తోసింది. తలుపుకు కట్టిన దుప్పటి ఊడి ఆమె భుజం మీద పడింది.

"అయ్యో అక్కా, రికార్డింగు..." అని గువ్వ వెనక్కి తిరిగింది.

"చేసుకో. ఇది కూడా రికార్డు చేసుకో. ఇంకో పాటకు పనికొస్తుంది."

గువ్వ మొహంలో రంగు మారింది. అక్క దేని గురించి అంటోందో ఆమెకు అర్థం కాకపోలేదు. ఎప్పుడో ఒకరోజు ఈ తలుపు ఇలా తెరుచుకుంటుందని ఆమెలో ఏదో మూల తెలుసు.

"మీ బావ నెల నుంచి తన మందుల షాపులో నీ పాట పెట్టుకుని వింటున్నాడు. మా మరదలి పాట అని వచ్చినవాళ్ళకల్లా చెప్పుకుని మురిసిపోయాడు. రాత్రి ఇయర్‌ఫోన్లు పెట్టుకుని విన్నాడు. విని నా మొహంలోకి చూశాడు. 'ఇది నీ గొంతు కదూ' అన్నాడు. నువ్వు ఎంత సాగదీస్తే ఏం, ఎంత మసక చేస్తే ఏం? పక్కన పడుకునే మనిషికి నా ఊపిరి తెలియదటే? అడిగితే అంతా చెప్పుకోవాల్సొచ్చింది."

"ఏ గొంతు? ఏ పాట?" తల్లి చేతిలో కత్తి అలాగే పట్టుకుని గుమ్మంలో నిలబడింది.

అక్క చెప్పలేక చెప్పింది. కడుపు పోయి విశ్రాంతికని పుట్టింటికి వచ్చిన రోజులవి. వాన పడుతున్న ఒక మధ్యాహ్నం ఈ గదిలోనే నేల మీద పడుకుని ఉంటే, చెల్లెలు పక్కన కూర్చుని గిటారు మీటుతోంది. ఆ వానకో, ఆ గిటారుకో, ఆమె నోరు విప్పింది. బిడ్డ లేదని డాక్టరు చెప్పినప్పుడు తనకు వెంటనే ఏడుపు రాలేదని చెప్పింది. ఒక్క నిమిషం, ఒకే ఒక్క నిమిషం గుండెల మీంచి బరువు దిగినట్టయిందని, తల్లి కావడమంటే తనకు అంత భయంగా ఉండేదని, ఆ నిమిషాన్ని తలుచుకుంటే తన మీద తనకే అసహ్యమేస్తోందని చెప్పింది. చివర్లో చెల్లెలి చెయ్యి పట్టుకుని, ఎవరికీ చెప్పకే, అంది.

మైకు ఆన్‌లోనే ఉంది.

"మొదట నాకు గుర్తులేదక్కా, ఒట్టు" అంది గువ్వ. "తరవాత గిటారు ముక్క కోసం విన్నప్పుడు నీ గొంతు వినపడింది. అంత బాగుంది... తీసేయలేకపోయాను. పేరు పెట్టలేదు కదా. నువ్వని ఎవరికీ తెలియదనుకున్నాను."

"నాకు తెలుసు కదే!"

 తల్లి కత్తి పక్కన పెట్టి మంచం అంచున కూలబడింది.

"నాతో ఒక్క మాట అనలేదేమే, తల్లీ?"

"అంటే నువ్వు ఏడుస్తావమ్మా. నీ ఏడుపు కూడా నేనే మొయ్యాలి. ఇదైతే వింటుంది, ఊరుకుంటుంది అనుకున్నాను." అక్క చెల్లెలి వైపు చూడకుండానే అంది. "ఊరుకోలేదు."

తండ్రి ఒక కాలికి బూటు వేసుకుని, ఒక కాలికి లేకుండా, వసారాలో నిలబడిపోయాడు. అదే సమయానికి ఆయన జేబులో ఫోను మోగింది. కూతురి పాటే మోగింది. ఆయన కంగారుగా తడుముకుని దాన్ని ఆపేసరికి పాటలో సగం వాక్యం ఇల్లంతా వినబడనే వినబడింది.

"తీసేస్తానక్కా. ఇవాళే తీసేయిస్తాను."

"ఎక్కణ్ణుంచి తీస్తావు? ఫోన్లలోంచి తీస్తావు. వాళ్ళ నోళ్ళలోంచి తీయగలవా? నా ఎదురుగా కూర్చుని అద్దాలు పెట్టించుకునే పిల్లలు పాడుకుంటారే దాన్ని! 'చదవమ్మా, రెండో వరస చదువు' అంటాను వాళ్ళతో. నీకేం తెలుసు."

తల్లి బతిమాలినా ఆమె ఉండలేదు. ఆ ఇంట్లో నోరు విప్పాలంటే భయంగా ఉందని, షాపులో తనతో పనిచేసే అమ్మాయి గదిలో ఉంటానని వెళ్ళిపోయింది.

గువ్వ తన పాటల వ్యవహారాలు చూసే మేనేజరుకు ఫోను చేసింది. అతను నెమ్మదిగానే మాట్లాడాడు. "మేడం, జనం వచ్చేదే ఆ పాట కోసం. శనివారం దాకా ఆగండి. కావాలంటే ఆ గొంతు ఒక్కటీ తీసేసి పాడండి" అన్నాడు. గువ్వ ఆగింది. ఒక్కసారికే కదా అనుకుంది. తరువాత ఆమె అన్నిటికన్నా ఎక్కువగా తిట్టుకున్నది ఆ ఒక్కసారినే.

శనివారం సాయంత్రం హాలు నిండిపోయింది. బీరువాలో బట్టలకు పాడటం అలవాటైన పిల్లకు అంతమంది మొహాలు ఒక్కసారిగా కనిపించేసరికి కళ్ళు గట్టిగా మూసుకుంది. అయినా పాడింది. పాట పాటకూ చప్పట్లు పెరిగాయి. చివరగా ఆ పాట. మేనేజరు అన్నట్టే అక్క గొంతు తీసేయించింది. గిటారు ఆపి, ఆ ఖాళీని ఖాళీగానే వదిలేద్దామనుకుంది.

కానీ ఆ ఖాళీలోకి హాలు హాలంతా ఒక్క గొంతై, "ఎవరికీ చెప్పకే!" అని అరిచింది.

ఈలలు, నవ్వులు. ముందు వరసలో ఒక అమ్మాయి స్నేహితురాలి భుజం మీద వాలిపోయి, కళ్ళవెంట నీళ్ళొచ్చేలా నవ్వుతూ మళ్ళీ అరిచింది. ఆ అమ్మాయి తప్పేమీ లేదు. ఆమెకు అదొక సరదా మాట. గువ్వకు మాత్రం వాన పడుతున్న గదిలో, నేల మీద, తన చేతిని పట్టుకున్న చల్లటి వేళ్ళు గుర్తొచ్చాయి. ఆ రోజు అక్క ఏడుస్తుంటే తాను ఏం చేసింది? తల నిమిరిందా, దగ్గరకు తీసుకుందా? ఎంత ఆలోచించినా గిటారు పక్కన పెట్టినట్టు గుర్తు రాలేదు. వాయిస్తూనే ఉంది.

చప్పట్లు ఆగకముందే ఆమె దిగిపోయింది. మెట్ల పక్కన గోడకు ఆనుకుని వెక్కివెక్కి ఏడిచింది. సంతోషమనుకుని ఎవరో ఫొటో తీశారు.

మర్నాడు పాట తీయించేసింది. కంపెనీ వాళ్ళు కోప్పడ్డారు, మేనేజరు ఫోను ఎత్తడం మానేశాడు. కొందరు దాన్ని దాచుకున్నారు కాబట్టి అది ఎక్కడో ఒకచోట మోగుతూనే ఉంది. అక్క అన్నదే నిజమైంది.

గువ్వ వెళ్ళేసరికి మందుల షాపులో బావ ఒక్కడే ఉన్నాడు. గడ్డం పెరిగింది. గువ్వను చూసి కుర్చీ జరిపాడు గాని, ఎప్పటిలా "రండి రండి గాయనిగారూ" అనలేదు.

"బావా, అక్క మీద కోపం పెట్టుకోకండి. తప్పంతా నాదే."

"మీ అక్క మీద కోపమెందుకు గువ్వా? నాతో అనలేని మాట నీతో అందే అని బాధ. అంతే." ఆయన మందు అట్టలు సర్దడం మొదలుపెట్టాడు. "ఆ రోజు ఆస్పత్రి వరండాలో నాక్కూడా... ఏడుపు తరవాతే వచ్చింది. తండ్రినవుతానంటే నాకూ భయమే. బిడ్డ కోసమని మా ఇంట్లో గదికి పసుపు రంగు వేయించింది కూడా ఆ భయం కనపడకుండా ఉండాలనే. ఇద్దరం ఒకళ్ళకొకళ్ళం ధైర్యం నటించాం."

గువ్వ చటుక్కున లేచింది. "ఇప్పుడే వెళ్ళి అక్కకు చెబుతాను బావా! ఈ మాట వింటే అక్క..."

"వద్దు." ఆయన గొంతు పెంచలేదు. "ఇదొక్కటీ నీ నోట వెళ్ళకూడదు. నేను చెప్పుకుంటాను."

గువ్వ తలదించుకుంది. సిగ్గుతో చెవులు కాలిపోయాయి. అంతా జరిగాక కూడా, ఒకరి మనసులో మాట చెవిన పడగానే దాన్ని పట్టుకుని పరిగెత్తబోయింది తను.

ఆ సాయంత్రం కళ్ళద్దాల షాపు బయట అక్క కోసం నిలబడింది. అక్క చూసి కూడా ఆగకుండా నడిచింది. గువ్వ నాలుగడుగులు వెనకగా నడిచింది. వీధి మలుపు దాకా అలా వెళ్ళాక అక్కే ఆగింది.

"మీ బావ దగ్గరికి వెళ్ళావట. ఏమన్నాడు?"

మాట గువ్వ నాలుక చివరికి వచ్చింది. చెబితే అక్క అక్కడికక్కడే కరిగిపోతుంది. తనను క్షమించినా క్షమిస్తుంది.

"అది బావనే అడుగు అక్కా" అంది. "నేను చెప్పకూడదు."

అక్క ఆమె మొహంలోకి పరీక్షగా చూసింది. తరువాత బ్యాగులోంచి రుమాలు తీసి ఆమె చేతిలో పెట్టింది. "మొహం తుడుచుకో. రోడ్డు మీద ఇదేం ఏడుపు" అంది. ఆ రాత్రే ఆమె భర్త దగ్గరకు వెళ్ళింది. వాళ్ళిద్దరూ ఏం మాట్లాడుకున్నారో ఎవరికీ తెలియదు. గువ్వ అడగలేదు.

నెలలు గడిచాయి. గువ్వ మళ్ళీ ఉద్యోగంలో చేరింది. పాటలు మానలేదు, వినేవాళ్ళు మాత్రం తగ్గారు. ఒక ఆదివారం అక్క ఇంటికి వెళ్ళింది. బావ కూరగాయలు తేవడానికి బజారుకు వెళ్ళాడు. అక్కాచెల్లెళ్ళిద్దరూ ఉతికిన బట్టలు మడతపెడుతున్నారు.

"పాటలు రాస్తున్నావా?" అడిగింది అక్క.

"రాస్తున్నా. అన్నీ నా గురించే."

"నీ గురించా? అయితే చిన్న చిన్న పాటలే అయ్యుంటాయి."

గువ్వ పకపకా నవ్వింది. అక్కకూ నవ్వొచ్చింది. ఎన్నాళ్ళకో ఆ నవ్వు విని గువ్వ కళ్ళు చెమర్చాయి. మడతపెడుతున్న దుప్పటి కొస పట్టుకుని అక్క కాసేపు కిటికీలోంచి బయటకు చూసింది.

"ఏమే, మొన్న నాకేమనిపించిందంటే..." అని మొదలుపెట్టి, ఆగిపోయింది.

గువ్వ ఊపిరి బిగపట్టింది. ఏమనిపించిందక్కా, అని అడగబోయి ఊరుకుంది. అడిగే హక్కు తనే పోగొట్టుకుంది. అది మళ్ళీ దక్కుతుందో, దక్కదో, ఎన్నేళ్ళు పడుతుందో ఆమెకు తెలియదు.

"ఏం లేదులే" అంది అక్క. తరువాత దుప్పటి రెండో కొస చెల్లెలి చేతికిచ్చి, "అన్నం తినే వెళ్ళు. ఇవాళ వంట మీ బావది. ఎలా ఉన్నా బాగుందనాలి" అంది.

"అలాగేనక్కా" అంది గువ్వ, దుప్పటి కొస గట్టిగా పట్టుకుని.