కాలివేళ్ళ మీద తడి

...అన్నే మొక్కాలి. నేపాల్ కొండల్లో చెల్లెలంటే దేవత. ఆమె చేత కాళ్ళు మొక్కించుకునేవాడు అన్న కాడు, ఆడపిల్లల్ని అమ్మే ముంబై ముఠా తెచ్చిన అద్దె అన్న. ఈ కిటుకు నిర్జలదే. నేపాల్‌గంజ్ సరిహద్దు గేటు దగ్గర గాజుల బుట్టతో కూర్చుని, శాలువా కింద పోలీసులిచ్చిన మైకు దాచుకుని, ఆమె ఎంతోమంది అద్దె అన్నల్ని పట్టించింది. అయినా ఈ కిటుకంటే తనకెందుకంత మమకారమో ఎప్పుడూ ఆలోచించలేదు. ఆలోచించబోతే తలనొప్పి వచ్చేది.

"ఏం గాజులమ్మా, బేరాలున్నాయా, ఈగలు తోలుకుంటున్నావా?"

డాలీ. నల్ల కళ్ళద్దాలు, ఎర్ర లిప్‌స్టిక్. ముఠాలో తిరుగుతూ పోలీసులకు కబుర్లు చేరవేసే మనిషి. గాజులు ఎంచుతున్నట్టు వంగి గొణిగింది: "సరుకు వెనక బస్సులో ఉంది. నా వెంట ఉన్న పిల్ల నిజంగానే పనికి వెళ్తోంది. సాగనంపడానికి వచ్చినవాడు సొంత అన్న."

ఆ పిల్ల పేరు జునేలి. పద్నాలుగేళ్ళుంటాయేమో. కొత్త చెప్పులు కరుస్తున్నాయని చేత్తో పట్టుకుని నిలబడింది. అన్న వంగి, ఆమె పాదాలకు నుదురు ఆనించాడు.

"లే అన్నయ్యా, అందరూ చూస్తున్నారు. దసరాకి వచ్చేస్తాగా," అని నవ్వింది.

నిర్జల చెవిలో ఇన్‌స్పెక్టర్ ఢకాల్ గొంతు: "అన్నే మొక్కాడు. క్లియర్. టీమంతా బస్సు దగ్గరికి."

జునేలి అన్న లేవలేదు. తలెత్తితే ఆమె మొహం చూడాలి కదా.

నిర్జల కాలివేళ్ళు చల్లబడ్డాయి. తనను ముంబై పంపిన రోజు తన అన్నా ఇలాగే వంగి ఉండిపోయాడు. వేళ్ళ మీద తడి తగిలింది. వాణ్ణి ఎవరో మోసం చేశారనీ, సొంత అన్న ఎప్పుడూ అమ్మడనీ నమ్మడానికే ఆమె ఈ కిటుకు అల్లుకుంది.

"గాజులు పగిలాయి," అంది మైకులో. గేటు మూయమని కోడ్.

"మతి పోయిందా అక్కా? బస్సు..."

"గాజులు పగిలాయి సార్."

జునేలి అవతలికి అడుగు వేయబోతుండగా గేటు దిగింది. నిర్జల ఆమె మణికట్టు పట్టుకుంది.

"పొరబడ్డావు గాజులమ్మా. వాడు సొంత అన్నే," అంది డాలీ నవ్వుతూ.

"తెలుసు. అందుకే."

"నేను అమ్మలేదు," అన్నాడు వాడు.

అమ్మావా అని ఎవరూ అడగలేదు.

డాలీ నవ్వు ఆగిపోయింది. హైహీల్స్‌తో నాలుగడుగులు పరుగెత్తి పట్టుబడింది. ఆమె చెప్పిన బస్సులో పోలీసులకు మేకలు దొరికాయి.

"అన్నయ్య ఎందుకేడుస్తున్నాడు?" అనడిగింది జునేలి.

నిర్జల వంగి, శాలువా అంచుతో ఆ పిల్ల కాలివేళ్ళ మీది తడి తుడిచింది.