చెడ్డీకి ఒక వాక్యం కావాలి

"ఏం కావాలండీ?"

"ఏమీ వద్దండీ. కాసేపు వినిపోదామని వచ్చాను."

కౌంటర్ వెనక బనియన్లు మడతపెడుతున్న కొట్టబ్బాయి చెయ్యి ఆగిపోయింది. లోదుస్తుల కొట్టుకి కొనడానికి వచ్చేవాళ్లుంటారు, కొన్నది మార్చుకోవడానికి వచ్చేవాళ్లుంటారు, వాన పడితే తలదాచుకోవడానికి వచ్చేవాళ్లూ ఉంటారు. వినడానికి వచ్చిన మనిషిని అతను పుట్టి బుద్ధెరిగాక చూడలేదు.

"పాటల సీడీలమ్మే కొట్టు పక్క సందులో ఉందండీ," అన్నాడు మర్యాదగా.

"తెలుసండీ. నాకు ఈ కొట్టే కావాలి."

ఆమె గొంతు ఎంత చిన్నగా ఉందంటే, ఆ మాట వినడానికి అతనే ముందుకు వంగాల్సి వచ్చింది. వంగి, ఒకసారి ఆమె మొహంలోకి చూసి, ఎందుకో మళ్లీ నిటారుగా నిలబడిపోయాడు.

"ఎదురు కొట్టువాళ్లు పంపారా?"

"కాదండీ. నిఘంటువు ఆఫీసు పంపింది."

"మేం ఏం తప్పు చేశామండీ?"

ఆమెకి నవ్వొచ్చింది. ఆపుకుంది. ఆపుకున్నట్టు అతనికి తెలిసిపోయింది.

"ఒక మాట కోసం వచ్చానండీ. అది ఏ మాటో నేను చెప్పకూడదు. ఎవరో ఒకరు వాళ్లంతట వాళ్లే అనాలి, నేను వినాలి, విన్నచోటే రాసుకోవాలి. అదీ మా పద్ధతి."

కొట్టబ్బాయి చుట్టూ చూశాడు. ఎటు చూసినా గూళ్ల నిండా అవే. అతని చెవులు ఎర్రబడ్డాయి.

"ఆ... ఆ మాటా?"

"అదే. ఇప్పుడు మీకు తెలిసిపోయింది కాబట్టి మీరంటే ఇక చెల్లదు."

"నేనెలాగూ అనలేనండీ," అన్నాడు అతను నిజాయితీగా. "సరుకు అంటాం మేం."

ఆమె ఆఫీసులో అందరినీ వాళ్లు చూసే అక్షరంతోనే పిలుస్తారు. కకారం గారు లావుగా ఉంటారు, గకారం గారికి గురక. కొత్తగా చేరిన ఈ అమ్మాయి చకారం. అతిగా మాట్లాడదు, అలికిడి లేకుండా నడుస్తుంది. పక్క బల్ల దగ్గరున్న మనిషి మాట్లాడుతూ మాట్లాడుతూ ఒక మాట వాడితే, ఆ మాట అప్పటికే ఆమె కాగితం మీద ఉంటుంది.

చకారంలో అన్నీ సాఫీగా సాగాయి, చెడ్డీ దాకా. చెడ్డీకి మూడు అర్థాలు తేలాయి. చిన్నపిల్లలు తొడుక్కునేది మొదటిది. దానికి వాక్యాలకేం కొదవ? ఏ వీధిలో నిలబడినా ఒక తల్లి "చెడ్డీ వేసుకోరా, మానం పోతోంది!" అంటూ పిల్లాడి వెంట పరుగెడుతూనే ఉంటుంది. చిన్నతనం అనేది మూడోది. పార్కులో బల్ల మీద కూర్చుంటే చాలు, "వాడు చెడ్డీలేసుకుని తిరిగినప్పటి నుంచీ ఎరుగుదును" అనే పెద్దమనిషి ఒకాయన దొరుకుతాడు.

రెండోదే చిక్కు. పెద్దవాళ్లు లోపల వేసుకునేది. అందరూ వేసుకుంటారు, ఎవరూ అనరు.

"వాక్యం లేని అర్థం మన పుస్తకంలో ఉండదు," అన్నారు పెద్దాయన. నిఘంటువుకి ఆయనే పెద్ద సంపాదకులు. "శనివారం చకారం అచ్చుకి పోతోంది. అప్పటికి వాక్యం రాకపోతే ఎర్ర పెన్సిలే."

"అప్పుడు పెద్దవాళ్లు వేసుకోరని చెప్పినట్టవుతుందండీ."

"ఎవరూ నోరు తెరిచి అననిదాన్ని, వేసుకుంటున్నారని మనమెలా సాక్ష్యం చెబుతాం?"

చకారానికి ఉద్యోగంలో ఇదే మొదటి అక్షరం. మొదటి అక్షరంలోనే ఒక అర్థాన్ని పోగొట్టుకోవడమంటే, అన్నం వండటం నేర్చుకుంటూ గిన్నె పోగొట్టుకోవడం లాంటిదనిపించింది ఆమెకి. అందుకే ఏకంగా ఆ సరుకు అమ్మే చోటికే వచ్చి కూర్చుంది.

తీరా చూస్తే, ఆ మాట అస్సలు వినపడని చోటు ప్రపంచంలో ఏదైనా ఉందంటే అది ఆ కొట్టే.

ఒకాయన వచ్చి వేళ్లతో సైజు చూపించేవాడు. ఒకాయన "అవే, ఎప్పుడూ తీసుకునేవి" అనేవాడు. ఇంకొకాయన డబ్బా మీద కండలు చూపిస్తూ నిలబడ్డ బొమ్మని వేలితో చూపించి "ఆయనవి రెండు ఇవ్వండి" అన్నాడు. ఆయనవి అయితే మీకెందుకండీ అని అడగబోయి చకారం పెదవి కొరుక్కుంది.

కొట్టు యజమానురాలు కొట్టబ్బాయి అమ్మే. భర్త పోయాక కొట్టుని ఒంటిచేత్తో నడిపిన మనిషి. గల్లాపెట్టె దగ్గర కూర్చుని, మనిషి గుమ్మం దాటేలోపే నడుము కొలత చెప్పేస్తుంది.

"ఈ పిల్లెవర్రా? కొనదు, అమ్మదు, కదలదు," అంది కొడుకుతో.

"వినడానికి వచ్చిందమ్మా."

"మంచిది. ఈ ఇంట్లో వినేవాళ్లు ఎవరూ లేరు," అని స్టూలు వేయించింది.

మర్నాడు స్టూలు మీద దిండు ఉంది. ఆ తరవాత రోజు ఫ్యాను మొహం ఆమె వైపు తిరిగి ఉంది. దాంతో కౌంటర్ వెనక అతను చెమటతో తడిసిపోతున్నాడు.

"ఫ్యాను మీ వైపు తిప్పుకోండి."

"పర్లేదండీ. మీరు రాసేటప్పుడు కాగితం ఎగరకుండా చూసుకోండి చాలు."

"ఏం రాశానని ఎగరడానికి?"

ఇద్దరూ నవ్వారు. పనిలో పనిగా అతను ఆమెకి ఎలాస్టిక్ ఎలా చూడాలో నేర్పించాడు. బొటనవేళ్లతో లాగి వదిలితే టప్పుమనాలి, ఉస్సుమంటే పనికిరాదు. ఆమె అతనికి అక్షరక్రమం నేర్పించింది. ఆ రోజు నుంచీ అతను గూట్లో రంగుల్ని కూడా అక్షరక్రమంలో సర్దేశాడు. ఆకుపచ్చ, ఊదా, ఎరుపు. వాళ్లమ్మ నీలం దొరక్క సగం పూట వెతుక్కుంది.

ఒక సాయంత్రం మబ్బు పట్టింది. గొడుగు దులుపుకుంటూ ఒక ముసలాయన లోపలికొచ్చాడు. వస్తూనే గొంతెత్తి, "అబ్బాయ్, మొన్న ఇచ్చిన చెడ్డీ వద్దు నాయనా! ఎలాస్టిక్ నడుం మీద రైలు పట్టాలు వేసేసింది. బొందు ఉన్న చెడ్డీ ఇవ్వు," అన్నాడు.

స్పష్టంగా, హాయిగా, ఒకటికి రెండుసార్లు.

చకారం చెయ్యి సంచిలోకి పోయింది. కాగితం తగిలింది, పెన్సిలు తగిలింది. సరిగ్గా అప్పుడే కొట్టబ్బాయి ఆమె వైపు చూశాడు. పరీక్ష ఫలితం కోసం చూసేవాడి చూపు అది. రాసేస్తే రేపు ఈ స్టూలుకి రావడానికి ఆమెకి పనేముంది?

ఆమె నెమ్మదిగా చెయ్యి బయటికి తీసి, కిటికీలోంచి వాన చూసింది. చాలా శ్రద్ధగా చూసింది. ఆ వానలో ప్రత్యేకంగా ఏమీ లేదు.

"వినపడలేదా?" అడిగాడు అతను లోగొంతుతో.

"ఏమిటండీ?"

"అబ్బే, ఏం లేదు," అన్నాడు. అతని మొహం వెలిగిపోయింది.

ఆ తరవాత ఆ మాట మళ్లీ వినబడలేదు. ఆమె రెండ్రోజులు తాపీగానే ఉంది. శుక్రవారానికి, గుమ్మం దాటిన ప్రతి మనిషి నోటి వంకా చూడటం మొదలుపెట్టింది. ఇంతమంది వస్తున్నారు, ఒక్కరి నోరూ ఎందుకు జారదు?

శుక్రవారం మధ్యాహ్నం ఒక లారీ డ్రైవరు వచ్చాడు. ద్వారబంధం నిండేంత మనిషి. గల్లాపెట్టె దగ్గర పొట్లం తీసుకుని, కదలకుండా చెయ్యి చాపి నిలబడ్డాడు.

"ఇంకేంటి బాబూ?" అంది యజమానురాలు.

"చేతిరుమాలు."

"చేతిరుమాలు కొనలేదుగా నువ్వు?"

"కొనక్కర్లేదటగా అమ్మా. లోపల ఆ మాట అనకుండా కొంటే చేతిరుమాలు ఊరికే ఇస్తానన్నాడు మీ అబ్బాయి. మెట్ల మీద నిలబెట్టి మరీ చెప్పాడు. నేను అనలేదు. వేళ్లతోనే చూపించాను."

"ఏ మాట?"

"అంటే రుమాలు పోదూ?"

అమ్మ కొడుకు వంక చూసింది. "అందుకేరా, డబ్బా రుమాళ్లు ఖాళీ అయ్యాయి, ఎవరికి జలుబు చేసిందా అనుకుంటున్నా!"

చకారం లేచి నిలబడింది. జీవితంలో మొదటిసారి ఆమె గొంతు నలుగురికీ వినబడింది.

"రేపు నా అర్థం కొట్టేస్తారు. మీకు తెలుసు. తెలిసీ జనం నోళ్లు మూయిస్తున్నారా?"

"అది కాదండీ..."

"నేను ఇక్కడ కూర్చుని పడిగాపులు పడుతుంటే మీకు తమాషాగా ఉందా?"

"తమాషా కాదండీ, మీకు వాక్యం దొరికితే మీరు..."

మిగతాది వినకుండా ఆమె మెట్లు దిగిపోయింది. వీధి మలుపు దాటాక గానీ గుర్తు రాలేదు, ముసలాయన వాక్యాన్ని చేతులారా వదిలేసింది తనే కదా అని. దానితో కోపం సగానికి సగం తగ్గింది. మిగిలిన సగాన్ని జాగ్రత్తగా ఇంటిదాకా మోసుకెళ్లింది.

శనివారం పొద్దున్నుంచీ మబ్బే. పెద్దాయన బల్ల మీద చకారం కాగితాలు పరుచుకుని ఉన్నాయి. ఆయన ఎర్ర పెన్సిలు చెక్కుకుంటున్నారు. మేడ మీదే ఆయన ఇల్లు. పైనుంచి ఆయన ఇల్లాలు, అమ్మగారి గాజుల చప్పుడు, నీళ్ల చప్పుడు వినిపిస్తూనే ఉంటాయి.

"ఒక్క వాక్యమైనా వినలేదా, అమ్మాయ్?"

అబద్ధం ఆడటం ఆమెకి రాదు. "విన్నానండీ. రాసుకోలేదు."

"ఎందుకని?"

"వాన చూస్తున్నానండీ."

పెద్దాయన కళ్లజోడు పైనుంచి చూశారు. ముప్ఫై ఏళ్లుగా మాటల వెనక ఏముందో వెతికే మనిషాయన. "ఊఁ," అన్నారు. "విన్నచోట రాయని వాక్యం వినని వాక్యమే." పెన్సిలు ఎత్తారు.

అప్పుడే తలుపు ధడాలున తెరుచుకుంది. వానలో పరుగెత్తుకొచ్చిన కొట్టబ్బాయి గుమ్మంలో నీళ్లు కారుతూ నిలబడ్డాడు.

"ఆగండి! ఆ మాట నేనంటాను. పదిమందిలోనూ అంటాను. పెళ్లిచూపులకెళ్లిన చోట ఆ సరుకు అమ్ముతానని చెప్పలేక బట్టల వ్యాపారం అని నసిగినవాణ్ణి. ఇవాళ అంటాను. రాసుకోండి!"

"చెల్లదు," అన్నారు పెద్దాయన. "మీకు విషయం తెలుసు."

"వీధిలోంచి ఎవరినైనా పట్టుకొస్తాను."

"తెచ్చి అనిపిస్తే అదీ చెల్లదు."

"మరి తప్పు నాదైతే ఆవిడ అర్థం ఎందుకు కొట్టేస్తారండీ?"

చకారం తల దించుకుంది. "తప్పు మీ ఒక్కరిదీ కాదు. ఆ ముసలాయన అన్నది నాకు వినపడింది."

"వినపడిందా?"

"రెండుసార్లూ."

అతను నోరు తెరిచాడు. ఆ తెరిచిన నోట్లోంచి ఏ మాట వచ్చేదో గానీ, బయట వాన ఒక్కసారిగా దంచికొట్టింది. ఆ వెంటనే మేడ మెట్ల మీంచి, ఆఫీసంతా ప్రతిధ్వనించేలా, అమ్మగారి గొంతు:

"ఏమండీ! మీ చెడ్డీలన్నీ తడిసి ముద్దవుతున్నాయి! ఆ పుస్తకం ఎక్కడికీ పోదు గానీ, రేపు వేసుకోడానికి ఒక్కటి లేదు, వచ్చి తీసుకెళ్లండి!"

కకారం గారు తల బల్ల కింద దూర్చేశారు. గకారం గారికి పొలమారింది. పెద్దాయన మొహం ఆయన చేతిలోని పెన్సిలు రంగుకి తిరిగింది.

అప్పటికే చకారం కాగితం మీద పెన్సిలు పరుగు.

"ఎవరూ అడగలేదండీ," అంది రాస్తూనే, ఎప్పటి చిన్న గొంతుతో. "విన్నచోటే రాశాను. 'ముద్దవుతున్నాయి' తరవాత ఆశ్చర్యార్థకం పెట్టనా?"

పెద్దాయన చాలాసేపు పైకప్పు చూశారు. పెన్సిలు బల్ల మీద పెట్టేశారు. "పెట్టు. అన్నవారెవరో మటుకు రాయకు."

ఈలోపు కొట్టబ్బాయి మేడెక్కేశాడు. చూస్తూ ఉండలేకపోయాడు పాపం, వృత్తి అలాంటిది. చేతుల నిండా తడి సరుకుతో కిందికి దిగి, నీళ్లు కారుస్తూ ఆమె ఎదురుగా నిలబడ్డాడు.

"దొరికిందిగా," అన్నాడు.

"దొరికింది. ఇక మీ కొట్టులో నాకు పనేం లేదు."

"పని లేకపోయినా రావచ్చుగా?"

"మీ అమ్మగారు ఎందుకొచ్చావని అడిగితే ఏం చెప్పను?"

"అమ్మ అడగదండీ. పొద్దున్న నన్ను తరిమింది ఆవిడే. కోడల్ని తీసుకొచ్చేదాకా ఒక్క రుమాలు ముట్టుకున్నా ఊరుకోనంది." అని గొంతు సవరించుకున్నాడు. "నేను చెడ్డీలు అమ్ముతానండీ. ఇకముందూ అమ్ముతాను. ఎవరడిగినా అదే చెబుతాను. నన్ను పెళ్లి చేసుకుంటారా?"

మాట బయటికొచ్చేసింది. గట్టిగా, నీళ్లు నమలకుండా.

ఆమె చెయ్యి అలవాటుగా పెన్సిలు మీదికి పోయింది. ఆగింది. పెన్సిలు బల్ల మీద వదిలేసి, అతని చేతుల్లోని తడి మోపులో సగం తను అందుకుంది.

"ఇది రాయరా?" అన్నాడు అతను కంగారుగా.

"ఇది నాకు చెప్పింది. పుస్తకానికి కాదు," అంది ఆమె. "చేసుకుంటాను."

మెట్ల మీంచి అమ్మగారు కిందికి వంగి చూసింది. తన భర్త చెడ్డీలు చెరి సగం పట్టుకుని ఒకరినొకరు చూసుకుంటూ నిలబడిపోయిన ఇద్దరినీ చూసి బుగ్గలు నొక్కుకుంది.

"శుభం! నూరేళ్లు ఇలాగే ఉండండి. ముందు అవి గట్టిగా పిండండి, నేలంతా తడిసిపోతోంది!"