కోళ్లఫారంలో గుల్జార్ బీ గొంతు

"గుల్జార్ బీ... ఓ గుల్జార్ బీ..."

పాడుబడిన కోళ్లఫారంలోనుంచి ఎవరో పిలుస్తున్నారు. ఇమాం సాబ్ ఎద్దులబండి ఆపేసినాడు. చనిపోయి ఏడాదైన తన భార్యను ఇంత చీకట్లో ఎవరు పిలుస్తారు?

ఎమ్మిగనూరు దారిలో ఆ షెడ్డంటే అందరికీ భయమే. కొన్నాళ్లుగా రాత్రిళ్లు అందులో వేల కోడిపిల్లలు అరుస్తాయంట... అరిచి అరిచి, ఉన్నట్టుండి ఆగిపోతాయంట! ఇదంతా నాకు ఇమాం సాబే చెప్పినాడు.

గుల్జార్ బీ పోకముందు, చలికాలంలో ఆ షెడ్డునిండా పసుపుపచ్చని పిల్లలు — నేలంతా పూలు పరిచినట్టు. బల్బుల వేడిమీదే బతకాలి. కరెంటు పోతే చలికి ఒకదానిమీద ఒకటెక్కుతాయి, కిందివి ఊపిరాడక చస్తాయి. చేతులతో చెదరగొడుతూ, బొగ్గుల కుంపట్లు పెట్టి కాపాడే పని గుల్జార్ బీది.

ఒక రాత్రి కరెంటు పోయింది. పిల్లలన్నీ మూలన గుట్టపడి చచ్చినాయి. నిద్రపోయి చంపినావని యజమాని గుల్జార్ బీ మీద పడినాడు.

"నిద్రపోలేదయ్యా! సినిమా సారుకు చెప్పే బొగ్గులకు పోయినా," అని ఏడ్చింది.

సినిమా సారంటే చక్రపాణి. కోళ్ల పెంపకం మీద డాక్యుమెంటరీ తీసేకి పట్నంనుంచి వచ్చినాడు. దేన్నీ ముట్టుకోడు, దేనికీ అడ్డురాడు. జరిగేది జరిగినట్టే తీయాలంటాడు.

"నాకేమీ చెప్పలేదు," అన్నాడాయన.

యజమాని ఆమెను తరిమేసినాడు. ఇమాం సాబ్ కూడా ఆమె మాట నమ్మలేదు. ఆ దిగులుతోనే, పాపం... రంజాను చూడకుండానే పోయింది.

ఇమాం సాబ్‌కు ఆ పిలుపు వినబడిన రోజు సాయంత్రం కూడా, ఆదోని పత్తి మార్కెట్లో తోటి బండివాడు మద్దిలేటి నవ్వినాడు: "బండిమీద నిద్రపోయేవు సాబూ! మీ ఇంట్లో అలవాటు గదప్పా!"

ఇమాం సాబ్ బండి దిగి షెడ్డు తలుపు తోసినాడు.

లోపల—

"సారూ, కరెంటు పోయె. జర పిల్లల్ని చూస్తాండు... బొగ్గులు తెస్తా."

ఆమె గొంతే!

ఆ వెనకే వేల పిల్లల అరుపు... దగ్గరదగ్గరగా... అణిగి అణిగి...

నిశ్శబ్దం.

లాంతరు పక్కన టేపు మిషన్ తిరుగుతోంది. దానిముందు, నేలమీద, గడ్డం మాసిన చక్రపాణి. ఇందాక పిలిచింది ఆయనే.

"యా అల్లా..." ఇమాం సాబ్ గుమ్మం పట్టుకున్నాడు. "సారూ, నా గుల్జార్ నిజంగానే నీకు చెప్పిందా?"

చక్రపాణి తల ఎత్తలేదు.

"చెప్పింది సాబ్. అవి గుట్టపడుతుంటే విన్నాను. నేను చెయ్యి పెడితే జరిగేది మారిపోతుందని... రికార్డు చేస్తూ కూర్చున్నాను. నిద్రపోయింది ఆమె కాదు. చంపింది నేను."