క్షవరం తాత కూతురు

"మనకి దొరికిన విదేశీ గూఢచారి సోమవారం నోరు విప్పుతాడు. ఈలోగా వాడి ముఠా జైల్లోనే వాణ్ణి లేపేస్తుంది. ఎవరి చేత్తోనో కనిపెట్టు," అన్నాడు చీఫ్.

ఏజెంట్ నైన్ దొంగగా బ్యారక్‌లో చేరాడు. మారువేషం అక్కర్లేకపోయింది. ఖైదీ బట్టలు తొడిగితే కన్నతల్లి కూడా పోల్చుకోలేదు. గుండీలోని ట్రాన్స్‌మిటర్ మాత్రం ఆ రాతిగోడల మధ్య మొదటిరోజే మూగబోయింది.

పక్క చాప క్షవరం తాతది. యావజ్జీవం. సబ్బూ కత్తీ పట్టుకుని ఏ సెల్లోకైనా వెళ్లగలిగే ఖైదీ ఆయనొక్కడే. పసిపిల్లగా వదిలొచ్చిన కూతురు ఎన్నడూ చూడ్డానికి రాలేదు. అయినా ప్రతి ములాఖత్ రోజూ తల దువ్వుకుని కూర్చునేవాడు. పిలుపు రాకపోతే, "బస్సు దొరికుండదు," అనేవాడు. తోటి ఖైదీలు చెబితే నైన్‌కి వినడానికే కష్టమైంది.

ఆ ఆదివారం పిలుపొచ్చింది.

ములాఖత్ గదిలో ఇనుపజాలీ అవతల పట్టుచీర, నల్లకళ్లద్దాలు, సెంటు గుబాళింపు. చుట్టూ జనం "చిక్కిపోయావేంట్రా? తింటున్నావా?" అని గొంతు చించుకుంటున్నారు. ఆమె అది అడగలేదు.

"నాన్నా, గేటు దగ్గర కొత్త సబ్బు ఇచ్చాను. చివరి సెల్లో ఆయనకి దాంతోనే గియ్యి."

పక్క జాలీ దగ్గరున్న నైన్‌కి విషయం అర్థమైంది. తనని చూడ్డానికి అన్న వేషంలో వచ్చిన సహోద్యోగికి కోడ్ కేకేశాడు. "అన్నయ్యా, అత్తయ్య వచ్చింది!"

అన్నయ్య, గేటు వైపు నడిచిన ఆమె వెనకే పరుగెత్తాడు. తాత అప్పటికే పనికి వెళ్లిపోయాడు. శిక్ష గదులు గూఢచారి ఉన్న ఆ చివరి సెల్ వైపే, అటు వెళ్లాలంటే శిక్ష పడాలి. నైన్ వార్డర్ చెంప పగలగొట్టాడు. నాలుగు తన్ని చివరి సెల్ వైపే ఈడ్చుకెళ్లారు.

గూఢచారి బుగ్గకి బ్రష్ తగలబోతోంది. నైన్ విదిలించుకుని గిన్నెని ఒక్క తన్ను తన్నాడు.

"పాత సబ్బే బాబూ," అన్నాడు తాత బిత్తరపోయి. మొలలోంచి రుమాలు మూట తీశాడు. "నా కూతురు తెచ్చింది ఎవడి మొహానికో పూస్తానా?"

ఆ మూట లాక్కోవడం కంటే నీచమైన పని నైన్ తన సర్వీసులో చెయ్యలేదు.

"ఇది విషం తాతా. ఆమె నీ కూతురు కాదు. ఈపాటికి పట్టుకునుంటారు. ఇక్కడే, ఆడవాళ్ల బ్యారక్‌లో పెడతారు."

తాత ఖాళీ చేతుల్ని చూసుకున్నాడు. కళ్లు తుడుచుకున్నాడు.

"పాపం, ఆ పిల్లని చూడ్డానికి ఎవరైనా వస్తారా బాబూ?"

 అలా వచ్చినవాళ్లనీ లోపల వెయ్యమని చీఫ్ ఆర్డరుంది.