పుక్కిటి నీళ్లు

ఉరవకొండలో బస్సు దిగి ఆటో ఎక్కాను. ఎండ ఇంకా దిగలేదు. రోడ్డుకు రెండు పక్కలా వేరుశనగ చేలు ఊడలు దిగకుండానే మాడిపోయి ఉన్నాయి. దూరంగా గుట్టల మీద గాలిమరలు తిరుగుతున్నాయి. నా పక్కన కూర్చున్నామె ఒడిలో ఖాళీ బిందె ఉంది. ఎందుకని నేను అడగలేదు. ఆ వైపు ఆడవాళ్లు పక్క ఊరికి పోయినా బిందె తీసుకునే పోతారు. దారిలో ట్యాంకరు ఎదురైతే పట్టుకోవచ్చని.

నా చెల్లెలు కల్పన ముందు రోజు ఫోన్ చేసింది.

"అక్కా, రేపు సాయంత్రం నందినికి పుక్కిలి పెడ్తాండారు. నువ్వు రావద్దు. నీ నోరు నాకు తెలుసు."

అందుకే వచ్చాను.

పుక్కిలి అంటే ఏమిటో చెప్పాలి. కల్పన మెట్టినూళ్లో ఒక చిన్న చర్చి ఉంది. ఏ పెద్ద సంఘానికీ చెందినది కాదు. ఊరివాళ్లే కట్టుకున్నారు. పెత్తనమంతా సంఘపెద్ద పుల్లన్నది. పాస్టరు ఆయన చెప్పినట్టు వింటాడు. ఇంకెక్కడా లేని ఆచారం ఒకటి అక్కడ ఉంది. ఊళ్లో ఒక ఆడపిల్ల 'పతిత' అయిందని తేలితే, సంఘమంతా ఒక సాయంత్రం కూడుతుంది. ఒక్కొక్కరూ గుక్కెడు నీళ్లు నోట్లో పోసుకుని, పుక్కిలించి, ఇత్తడి బేసినులో ఉమ్ముతారు. ఆ మాటను మా నోళ్లలోంచి కడిగేసుకున్నాం, ఇక నిన్ను అనం అని దానికి అర్థం. ఆ బేసినును ఆ పిల్ల నెత్తిన పెట్టుకుని పోయి, చర్చి వెనక ఫెయిలైన బోరులో పోసి రావాలి. దాంతో క్షమించడం అయిపోయినట్టే. ఉమ్మేది వాళ్లు, మోసేది ఆమె.

మా నాయన పల్లెల్లో బైబిలు చెప్పే ఉపదేశిగా పని చేశాడు. 'పతిత' అనే ఆ మాటకు అర్థం నాకు మొదట చెప్పింది ఆయనే. దేవుడి తోటలో ఉన్న మొదటి ఆడామగా ఇద్దరికీ మంచీ చెడూ తెలియదు, సిగ్గు తెలియదు. పండు తిన్నాక తెలిసింది. ఆ తెలియనితనం పోవడాన్నే పతనం అంటారు. "ఇద్దరూ తినిరి పాపా, ఇద్దరూ పడిరి" అనేవాడు. అర్థం అది. వాడుక వేరు. ఇన్నేళ్లలో ఒక మగవాణ్ని వేలెత్తి చూపి 'పతితుడు' అనగా నేను వినలేదు. ప్రార్థనలో అందరూ కలిసి "మేము పతితులం" అని ఏడుస్తారు. గుంపులో ఏడిస్తే ఎవరికీ ఏమీ అంటదు. ఒక్క మనిషిని పట్టుకుని అనాల్సి వస్తే మాత్రం ఆ మాట తిన్నగా పోయి ఆడదాని మీద వాలుతుంది, పుండు మీద ఈగలాగా. దీని మీద నేను వ్యాసాలు రాశాను, సభల్లో గొంతు చించుకున్నాను. ఆ మాటను నేను అన్నన్ని సార్లు పుల్లన్న కూడా అని ఉండడు.

నందిని నా చెల్లెలి కూతురు. సోమందేపల్లె దగ్గర బట్టల కంపెనీలో, అక్కడే హాస్టల్లో ఉండి కుట్టుపని చేసేది. పుల్లన్న కొడుకు రాజేంద్ర అక్కడే సూపర్వైజరు. పెళ్లి చేసుకుంటానని ఏడాది తిప్పుకున్నాడు. ఎండాకాలంలో వేరే పిల్లను ఇదే చర్చిలో, ఇదే పాస్టరు ఆశీర్వాదంతో చేసుకున్నాడు. ఆ మరుసటి వారం నందిని పతిత అయింది. ఈ సాయంత్రం రాజేంద్ర కూడా పుక్కిలిస్తాడు.

ఇంట్లోకి పోగానే మరిది కేశవ చెంబు అందించాడు.

"రా వదినా. నీళ్లు తాగు."

"మీ ఊళ్లో నీళ్లతో ఏమేం చేస్తారో తెలిసినాక నాకు దప్పిక కాలేదప్పా."

"నీ యవ్వారం మొదలుపెట్టొద్దు. ఈ పొద్దు గడిస్తే పిల్ల ఇంట్లో ఉంటాది. లేదంటే సంఘం నుంచి మమ్మల్ని తీసేస్తారు. రేపు మా అమ్మ పోతే యాడ పూడ్చల్ల?"

"నన్ను అడ్డం పెట్టుకోవద్దురా," అంది అతని తల్లి బయమ్మ, గడప మీద నుంచే. "నన్ను కుక్కలు పీక్కతిన్నా నాకు తెలుస్తాదా యేమి?"

నందిని వెనక గదిలో కిటికీ పక్కన కూర్చుని ఉంది. ఆ కిటికీలోంచి చర్చి వెనక గోడ కనిపిస్తుంది. ఆటో బయటే ఆపించాను, లేచి రమ్మన్నాను.

"నేను వచ్చేస్తే అమ్మను వెలేస్తారు పెద్దమ్మా."

"వెలేయనీ. నా ఇల్లుంది."

"అమ్మ రాదు. నీకు తెలుసు." కిటికీ వైపు తిరిగింది. తర్వాత గొంతు తగ్గించింది. "పెద్దమ్మా... కొంచెం విను. బోరు పుక్కిలిస్తాండాది."

విన్నాను. గాలి తప్ప ఏమీ లేదు. "గాలిమరల చప్పుడులే" అన్నాను.

"గాలిమర పుక్కిలిస్తాదా?"

బయమ్మ లోపలికి వచ్చి తలుపు దగ్గరికి వేసింది. నా పక్కన కూలబడి, చెవి దగ్గర నోరు పెట్టింది.

"ఎస్తేరని ఉండె. తెలుసునా నీకు? ఈ పిల్లకు ఆదివారం బడిలో పాటలు నేర్పె. దానికీ పెట్టిరి పుక్కిలి. బోరులో పోసి ఇంటికొచ్చి నీళ్లు అడిగె. ఇచ్చిరి. నోట్లో పోసుకునె... మింగలే. ఉమ్మలే. బుగ్గలు ఉబ్బి అట్లే కూర్చునె. ముక్కు మూసినారు, వీపున కొట్టినారు. ఊహూ. అట్లనే పాయె. శవానికి నీళ్లు పోసింది నేనే. బుగ్గ మీద వేలు పెడితే... లోపల కదిలినాయమ్మీ. నీళ్లు."

నందిని కిటికీ వైపే చూస్తోంది.

పొద్దు వాలుతుండగా గంట కొట్టారు.

చర్చి పైకప్పు సిమెంటు రేకులు. పగలంతా కాగిన వేడి కింద చెమట, కొబ్బరినూనె, నలిగిన కనకాంబరాలు, వక్కాకు, అన్నీ కలిసి ఒకటే వాసన. నందిని ముందు నేల మీద కూర్చుంది. ఆమె ఒడి ముందే బేసిను. మొదట పుల్లన్న వచ్చాడు. దవడలో వక్కాకు ఉండగానే నీళ్లు పోసుకుని పుక్కిలించి ఉమ్మాడు. ఎర్రటి తీగ సాగింది. తెగలేదు. చేత్తో తెంపుకుని పంచెకు తుడుచుకున్నాడు. వక్కపలుకు ఒకటి నీళ్ల మీద తేలింది. తర్వాత ఒక ముసలాయన కట్టుడుపళ్లు తీసి చేతిలో పట్టుకుని మరీ పుక్కిలించాడు. ఒకడు దగ్గి, కఫంతో సహా వదిలాడు. ఒకామె పళ్ల సందుల్లోని చెనక్కాయ పలుకులు నాలుకతో ఏరి ఏరి ఉమ్మింది. నురుగు మీద నురుగు. ఆ నురుగు అణగడం లేదు.

రాజేంద్ర అందరికంటే ఎక్కువసేపు పుక్కిలించాడు. గొంతెత్తి, గరగరమనిపించి. ఉమ్మాక కొత్త పెళ్లాం వైపు చూసి నవ్వాడు. కేశవ తల పక్కకు తిప్పుకుని ఉమ్మాడు. కల్పన వంతు వచ్చింది. నీళ్లు నోట్లో పోసుకుంది. వంగింది. గొంతు కదలడం నేను చూశాను. మింగేసింది.

పాస్టరు గ్లాసు నా దగ్గరికి తెచ్చాడు. "అమ్మగారూ, మీరు కూడా..."

"మిమ్మల్నందరినీ తలుచుకుని దారిలోనే ఉమ్మి వచ్చినాను" అన్నాను.

నందిని బేసిను ఎత్తుకుంది. నేనూ లేచాను. "ఆమె ఒక్కతే పోవల్ల" అన్నాడు పుల్లన్న. "ఆపు చూద్దాం" అన్నాను. ఎవరూ ఆపలేదు.

చర్చి వెనక సర్కారుతుమ్మ. ఎర్రటి మట్టి. ఇంకా వెలుతురు ఉంది, కానీ పక్షి ఒక్కటీ అరవడం లేదు. నేలలోంచి మోకాలెత్తు ఇనుప పైపు, దాని మీద బండ. ఎన్నో ఏళ్ల కింద వేసిన బోరు. ఎంత లోతు దించినా దుమ్మే వచ్చిందట. బండ నేనే జరిపాను.

వాసన ముందు వచ్చింది. పాచినోటి వాసన. మనిషి నిద్ర లేచి, ముఖం కడగకుండా, మన ముఖానికి దగ్గరగా వంగి మాట్లాడితే వచ్చే వాసన. వెచ్చగా. లోపలి నుంచి.

"పోసెయ్. పోదాం" అన్నాను.

నందిని పోయలేదు. బేసిను నేల మీద దించి, మోకాళ్ల మీద కూర్చుని పైపు మీదికి వంగింది.

గుళ... గుళగుళ...

చాలా లోతున. ఆగింది. ఇంకో పక్క నుంచి ఇంకొకటి. సన్నగా. తర్వాత చాలా. నోళ్లు... ఎన్నో నోళ్లు... ఒకేసారి పుక్కిలిస్తున్నాయి. ఎండిన బోరులో.

"ఎస్తేరక్కా?" అంది నందిని.

చప్పుడు ఆగిపోయింది.

నిండిన నోటితో, ఒలికిపోకుండా జాగ్రత్తగా మాట్లాడే గొంతు ఒకటి పైకి వచ్చింది.

"పొయ్యొద్దు..."

నందిని పైపుకు చెవి ఆనించింది.

"నిండిపోయినాం..."

నందిని లేచింది. బేసిను మళ్లీ నెత్తికెత్తుకుని వచ్చిన దారినే తిరిగి నడిచింది, వెనకే నేను. చర్చి గుమ్మంలో అందరూ నిలబడి ఉన్నారు. రాజేంద్ర కాళ్ల ముందు బేసిను దించింది.

"మీ నోటివి మీరే పెట్టుకోండి. ఆడ జాగా లేదంట."

"ఏయ్!" అని పుల్లన్న చెయ్యెత్తాడు. అప్పుడు వినిపించింది. వెనక నుంచి. కడుపులోంచి దేవుకున్నట్టు ఒక పెద్ద చప్పుడు. ఇంకొకటి. తర్వాత నా చెప్పుల్లోకి తడి వచ్చింది. గోరువెచ్చగా, జారుగా.

ఒక్క క్షణం ఎవరికీ అర్థం కాలేదు. తర్వాత ఎవరో అరిచారు.

"నీళ్లు! బోరు పడింది! నీళ్లు!"

ఏళ్ల తరబడి ట్యాంకరు వెనక పరుగెత్తిన ఊరు అది. బిందెలు, బకెట్లు, చర్చిలోని పూలకుండీ, ఏది దొరికితే అది పట్టుకుని పరుగెత్తారు. పాస్టరు మోకాళ్ల మీద పడి స్తోత్రం చెప్పాడు. పైపు నోట్లోంచి నీళ్లు ఎగదన్నుతున్నాయి. నేను చూశాను. నురుగు. ఎర్రటి తీగలు. నానిన చెనక్కాయ పలుకులు. కఫం. ఎన్ని ఏళ్లవో, ఎంతమందివో.

"తాగొద్దండి! కళ్లు లేవా మీకు! తాగొద్దు!"

ఎవరూ వినలేదు. పుల్లన్న దోసిలి పట్టి తాగాడు. రాజేంద్ర దోసిలిని పెళ్లాం నోటికి పెట్టాడు. కల్పన బిందె నింపుకుంటూ ఏడుస్తూ నవ్వుతోంది. బయమ్మ ఒక్కతే అరుగు మీద నిలబడి, కొంగుతో నోరు అదుముకుని ఉంది.

నందిని చెయ్యి పట్టుకుని ఆటో దగ్గరికి లాక్కుపోయాను. ఎవరూ మమ్మల్ని చూడలేదు.

మా ఇల్లు బుక్కరాయసముద్రంలో. నందిని టైలరు షాపులో చేరింది. తింటోంది, నిద్రపోతోంది, టీవీ చూసి నవ్వుతోంది. గెలిచాననుకున్నాను.

నెల దాటాక ఒక మధ్యాహ్నం కల్పన వచ్చింది. చంకలో పెద్ద నీళ్ల క్యాను.

"మా ఊరి నీళ్లక్కా. నీకోసమే తెచ్చినా. ఎంత తియ్యగా ఉండాయో."

"ఆ బోరు నీళ్లా?"

"ఇంగేముండాయి?" నవ్వింది. గుటక వేసింది. "పాస్టరయ్య నందిని పేరు చెప్పి ప్రార్థన చేస్తాండాడు. దీవెన తెచ్చిన బిడ్డ అని. ఆ మాట ఇప్పుడు ఎవురూ అనరు."

"పుల్లన్న కూడానా?"

"అసలు ఎవురూ పెద్దగా మాట్లాడరక్కా." మళ్లీ గుటక. "నోరు ఎప్పుడూ నిండుగా ఉన్నట్టుంటాది... మాట్లాడబుద్ధి కాదు."

"రాజేంద్ర?"

"బుగ్గలు వాచినాయని బళ్లారికి తీసుకపోయినారు." మరో గుటక. ఆమె గొంతు ఒక్క నిమిషం కూడా ఊరుకోవడం లేదు. నేనిచ్చిన మజ్జిగ ముట్టలేదు. చప్పగా ఉందంది. ఉండిపొమ్మన్నాను. ఏడుపొచ్చేలా బతిమాలాను. వినలేదు. సాయంత్రం బస్సుకు వెళ్లిపోయింది.

ఆమె వీధి మలుపు తిరగగానే క్యానును స్నానాల గదిలోకి ఈడ్చుకుపోయి మొత్తం తూములో పోసేశాను. ఫినాయిలు పోశాను. చీపురుతో రుద్దాను. చేతులు సబ్బుతో కడిగాను, మళ్లీ కడిగాను. ఆ నీళ్లలో ఒక్క చుక్క నా ఒంటి మీద పడలేదు. అది మాత్రం ఒట్టు వేసి చెప్పగలను.

దీపాలు పెట్టే వేళ. నందిని ఇంట్లో కనిపించలేదు. పిలిచాను. పలకలేదు.

స్నానాల గది తలుపు ఓరగా ఉంది. లోపల గచ్చు మీద బోర్లా పడుకుని, తూముకు చెవి ఆనించి ఉంది. ఫినాయిలు వాసన లేదు. పాచి వాసన...

"నందినీ. లే."

వేలు పెదవుల మీద పెట్టుకుంది. కళ్లు నా మీదే. కింద, గొట్టంలో ఎక్కడో... గుళ... గుళగుళ...

"ఎస్తేరక్క ఒక మాట అడగమంటాంది పెద్దమ్మా," అంది గుసగుసగా. "నువ్వు కూడా ఆ మాట అన్నావా అని."

వ్యాసాల్లో అన్నాను, వాళ్ల కోసమే అన్నాను, వాళ్ల వైపు నిలబడే అన్నాను. అదే చెబుదామని నోరు తెరవబోయాను.

తెరవలేకపోయాను. నోటి నిండా నీళ్లు. గోరువెచ్చగా.

మింగుడు పడదు. ఉమ్మడానికి రాదు. నాలుక కింద గట్టిగా ఏదో తగిలింది.

వక్కపలుకు.

నేను వక్కాకు వెయ్యను.