బయటి తాళం

"దొంగ! లోపల దొంగున్నడు!"

ఆదివారం పొద్దున సంతోషి ఒర్రితే గోదావరిఖని క్వార్టర్ల లైనంత ఉరికొచ్చింది. బొగ్గు గనుల కంపెనీ ఆఫీసుల క్లర్కు ఆమె, నిన్ననే ఈ క్వార్టర్‌ల దిగింది. ఎవ్వరుండరనుకున్న పక్కింటి తలుపుకు తాళముంది, లోపల గిన్నె పడ్డ చప్పుడైంది. దొంగ గాక ఇంకెవరు?

ఎనుక తలుపు తీసి, లుంగీ మీదనే రుత్విక్ బయటికొచ్చిండు. కండ్లు ఎర్రగున్నయి.

"ఇది నా ఇల్లే మేడం. నైట్ షిఫ్టు చేసొచ్చి పండుకున్న."

"మరి బయట తాళమెవరేసిండ్రు?"

"నేనే ఏసి, ఎనుకకెళ్లి లోపలికి పోత. ఎవ్వరు లేపకుండ."

కట్టె పట్టుకొచ్చిన, అదే లైన్ల ఉండే ముసలి కనకవ్వ ఎగాదిగా చూసింది. "నిన్నెన్నడు సూడకపోతి గద బిడ్డా?"

"ఏడాదాయె అవ్వా. రోజు నీ ఇంటి ముంగటికెళ్లే డ్యూటీకి పోత."

ఒక్కరికీ గుర్తు లేడు. డ్యూటీ కార్డు తెచ్చి చూపెడితే గని కట్టెలు దిగలే.

నైట్ షిఫ్టు మనిషి పండుకుంటే భార్య బయట తాళమేసుడు ఇక్కడి అలవాటు. రుత్విక్ ఇంట్ల బాపు కోసం అమ్మ గట్లనే ఏసేది. రుత్విక్ తనకు తానే ఏసుకున్నడు గని, ఏడాదిల ఆ తలుపు కొట్టినోళ్లే లేరు.

పొద్దూకినంక సంతోషి చాయ్ తెచ్చింది. "దొంగగారు లేచిండ్రా?"

రుత్విక్‌కు నవ్వొచ్చింది. ఎన్నాళ్లకో.

"నాకూ ఇక్కడ ఎవ్వరు లేరు," అన్నది. "ఇంటికొస్తే టీవీతోనే ముచ్చట."

"జవాబిస్తదా?"

"మీకంటే నయమే."

వానలు మొదలైనయి. నడుమ గోడ మీదికెళ్లి చాయ్ గ్లాసులు అటిటు తిరిగినయి. 'మీరు' పోయి 'నువ్వు' వచ్చింది. అయినా రుత్విక్‌కు ధైర్యం చాలలే. ఆమెది ఉత్త జాలేమో అనుకున్నడు.

ఒకనాడు చెప్పిండు. "మందమర్రికి ట్రాన్స్‌ఫర్ అడుగుతున్న. మా ఊరే. ఈడ నాకెవరున్నరు?"

గ్లాసు గోడ మీదనే పెట్టి సంతోషి లోపలికి పోయింది. తలుపు దడేలుమన్నది.

తెల్లారి డ్యూటీ దిగి, అతను ఏద్దామని తాళం చేతికి తీసుకునుడే ఆలస్యం, ఆఫీసుకు తయారైన సంతోషి వచ్చి గుంజుకున్నది.

"లోపలికి నడు. పండుకో. తాళం నేనేస్త. సాయంత్రం వచ్చి తీస్త."

"అందరు సూస్తున్నరు సంతోషీ! ఈడ గా తాళం పెండ్లామే ఏస్తది."

"నాకెరుకలేదా? నేను గూడ బొగ్గు బాయి కార్మికుని బిడ్డనే. ట్రాన్స్‌ఫర్ అడుగుతవా?"

"...అడగ."

తలుపు పడ్డది. తాళం పడ్డది. బయట కనకవ్వ గొంతు: "ఏందే పిల్లా, నువ్వేస్తున్నవు?"

"మావోడు పండుకున్నడవ్వా. జర మెల్లగ మాట్లాడు."

లోపల రుత్విక్‌కు ఆ దినం నిద్రే పట్టలే.