పిలవని పేరు

శనివారం పొద్దున పదింటికే శిథిలాల దగ్గర ఎండ చుర్రుమంటోంది. గైడు గెల్మీ పోత్ తన పన్నెండుమంది యాత్రికుల్ని మెట్ల గుడి నీడలోకి చేర్చి, రాతిలో చెక్కిన పాముతల చూపిస్తూ పదకొండేళ్ళుగా చెబుతున్న మాటలే మళ్ళీ చెప్పుకొస్తోంది. మాంటెరే నగరం నుంచి వచ్చిన పెద్దాయన ఒకడు టోపీతో విసురుకుంటూ అడిగాడు.

"ఇంతకీ ఇవి కట్టిన మాయా జనమంతా ఎలా అంతరించిపోయారమ్మా?"

ఈ ప్రశ్న రోజుకొకరు అడుగుతారు. "అంతరించడం ఏంటండీ? మధ్యాహ్నం మీకు భోజనం వండేది మా అమ్మే," అంది గెల్మీ. అందరూ నవ్వారు. ఆవిడా నవ్వింది గానీ లోపల ఉడికిపోతూనే ఉంది. ఆ ఉడుకు పెద్దాయన మీద కాదు. వెనక చెట్టు కింద గడియారం చూసుకుంటూ నిలబడ్డ దోన్ ఎవెలియో మీద.

ఎవెలియో ఈ యాత్రలు నడిపే కంపెనీ యజమాని. అందరూ అయ్యగారన్నట్టు దోన్ అంటారు. ఏనాడూ ఆఫీసు గడప దాటనివాడు ఆ రోజు వ్యానెక్కి కూర్చున్నాడు. ఎందుకెక్కాడో గెల్మీకి తెలుసు.

గెల్మీ వాళ్ళ ఊరు చుంకోపో. అక్కడ నేల కప్పు కూలి, అడుగున నీళ్ళు బయటపడ్డ పెద్ద బిలం ఒకటుంది. సెనోతె అంటారు. డెబ్బై మెట్లు దిగాలి. శిథిలాలు చూసిన యాత్రికులు అక్కడికొచ్చి ఈదుతారు. ఊరివాళ్ళకి అక్కడొక పద్ధతి ఉంది. ఈత అయిపోయాక, మెట్లెక్కే ముందు, నీళ్ళవైపు తిరిగి, దిగినవాళ్ళ పేర్లన్నీ గట్టిగా పిలవాలి. "ఫలానా, పద పోదాం, ఇక్కడ ఉండిపోకు" అనాలి. మనిషి ఒడ్డెక్కినా ప్రాణంలో ఒక పాలు నీళ్ళ దగ్గరే ఆడుకుంటూ ఉండిపోతుందట. పిల్లలదైతే మరీను. తన పేరు వింటేనే అది కదిలొస్తుంది. గెల్మీ ఏ రోజూ ఆ పిలుపు మానలేదు. యాత్రికులు హాజరు వేస్తోందనుకుని ముచ్చటపడేవాళ్ళు. కిందటి నెల మాత్రం ఎవరో, ఆ కేకలకి మా పాప జడుసుకుందని ఇంటర్నెట్‌లో రాశారు. అప్పట్నుంచీ ఎవెలియోకి పూనకం.

"పేర్లు పిలవడం బంద్," అన్నాడు వ్యాన్లో. "తలలు లెక్కపెట్టు. పన్నెండు దిగితే పన్నెండు ఎక్కాలి. అంతే."

"మీరు లెక్కపెట్టుకోండి దోన్ ఎవెలియో. నా పని నేను చేస్తాను."

"నీ పని నేను చెప్పింది చెయ్యడం."

గెల్మీ పళ్ళు కొరుక్కుని కిటికీలోంచి చూస్తూ కూర్చుంది.

పన్నెండున్నరకి సెనోతె చేరారు. పైకప్పు కంతలోంచి ఎండ నిలువు దూలంలా నీళ్ళ మీదికి దిగింది. తడి రాయి వాసన, గబ్బిలాల వాసన. చెట్ల వేళ్ళు కప్పు చీల్చుకుని నీళ్ళదాకా వేలాడుతున్నాయి. యాత్రికులు కేరింతలు కొడుతూ దూకారు. వాళ్ళతో పాటే, ఎప్పటిలాగే, లాండీ కూడా.

లాండీ గెల్మీ కూతురు. ఏడేళ్ళు. ప్రతి శనివారం అమ్మ వచ్చే వేళకి ఊళ్ళోంచి పరిగెత్తుకొచ్చి నీళ్ళలో పడుతుంది. ఆ పిల్ల నోరు నీళ్ళలో కూడా మూతపడదు.

"ఈ పిల్లెవరు? జాబితాలో లేదే?" అన్నాడు ఎవెలియో.

"నా కూతురు."

"ఉద్యోగానికొచ్చావా, పిల్లని ఆడించుకోడానికొచ్చావా?"

"ఆ నీళ్ళు దాని ముత్తాతలవి. అది ఈదడానికి మీ జాబితాలో ఎక్కాలా?"

"అమ్మా, చూడు! నేను మునిగి వంద లెక్కపెడతా! అమ్మా, నువ్వు చూడట్లేదు!" అని నీళ్ళలోంచి లాండీ అరిచింది. గెల్మీ నిజంగానే చూడలేదు. ఎవెలియో మెట్ల పైనున్న గేటుకి ఇవాళే కొత్త తాళం వేయిస్తున్నానని, ఇకనుంచి తాళంచెవి తన దగ్గరే ఉంటుందని చెబుతున్నాడు. ఊరి బిలానికి ఊరిమీద తాళం! ఆవిడకి అరికాలి మంట నెత్తికెక్కింది.

గంట అయింది. అందరూ ఒడ్డెక్కి తువ్వాళ్ళు కప్పుకున్నారు. లాండీ కూడా వచ్చి తల్లి పక్కన నిలబడింది. గెల్మీ జాబితా తీసి నీళ్ళవైపు తిరిగింది. ఎవెలియో వద్దన్నాడు గనకే, రోజూ కంటే గట్టిగా, గోడలు మారుమోగేలా పిలిచింది.

"బార్బరా, పద పోదాం, ఇక్కడ ఉండిపోకు! ఇగ్నాసియో, పద పోదాం, ఇక్కడ ఉండిపోకు!"

ఒక్కొక్క పేరుకీ ఎవెలియో మొహం కందగడ్డలా అవుతోంది. పన్నెండో పేరు అయిందో లేదో వచ్చి ఆవిడ చేతిలోంచి కాగితం లాక్కున్నాడు.

"చాలు నీ మంత్రాలు! పన్నెండుమందీ నీ కళ్ళెదుట ఉన్నారు. ఇంకా ఎవర్ని పిలుస్తావ్?"

"కాగితం ఇటివ్వండి."

"సోమవారం నుంచి రానక్కర్లేదు."

అప్పుడు గెల్మీ అన్న మాటలు ఇక్కడ రాయదగ్గవి కావు. స్పానిష్‌లో సగం, మాయా భాషలో సగం తిట్టింది. యాత్రికుల్లో ఉన్న స్పెయిన్ అమ్మాయిలిద్దరు చప్పట్లు కూడా కొట్టారు. తిట్టి, లాండీ చెయ్యి పట్టుకుని, డెబ్బై మెట్లూ ఒక్క ఊపున ఎక్కేసింది.

కాగితంలో లేని పదమూడో పేరు నోట్లోనే ఉండిపోయింది.

*

భోజనాల పాక సెనోతెకి నూరడుగుల దూరం. గెల్మీ తల్లి దోన్యా ఫిదెన్సియా పెనం దగ్గర కూర్చుని రొట్టెలు తడుతోంది. యాత్రికులు తింటున్నారు. గెల్మీ చివరి బల్ల దగ్గర కూర్చుని, ఎవెలియోకి ఇంకా ఏమేం అనాల్సిందో అవన్నీ మనసులో అనుకుంటోంది. ఎదురుగా లాండీ. పళ్ళెంలో బీన్సు, రొట్టె, పక్కన ఒక హబనేరో మిరపకాయ, కొరికితే పెద్దవాళ్ళకే కళ్ళమ్మట నీళ్ళు కారేది.

చాలాసేపటికి గానీ ఆవిడ గమనించలేదు. పిల్ల మాట్లాడడం లేదు.

"ఏమే, నోరు నొప్పా?"

లాండీ చూసింది. చూపు తల్లి మొహం మీద ఆగలేదు. మెల్లగా మిరపకాయ తీసుకుని నోట్లో పెట్టుకుంది. నమిలింది. మింగింది. కంట్లో ఒక్క చుక్క నీరు రాలేదు.

గెల్మీ లేచి పిల్ల జుట్టు ముట్టుకుంది. చల్లగా ఉంది. మే నెల ఎండలో అందరి తలలూ ఎప్పుడో ఆరిపోయాయి. లాండీ జడ కొస నుంచి ఇంకా నీళ్ళు కారుతున్నాయి. కుర్చీ కింద చిన్న మడుగు. బల్ల కింద ఎప్పుడూ ముద్దకోసం కాచుకునే కుక్క ఆ మడుగుని వాసన చూసి, తోక ముడుచుకుని వెళ్ళిపోయింది.

ఫిదెన్సియా రొట్టె తట్టడం ఆపింది.

"దీన్ని పిలిచావా?" అంది గుసగుసగా.

"అందర్నీ పిలిచానమ్మా."

"అందరి సంగతి కాదు. దీన్ని పిలిచావా?"

గెల్మీకి కాగితంలోని పన్నెండు పేర్లే గుర్తొచ్చాయి. ముక్కూ మొహం తెలియని పన్నెండుమందిని గొంతు చించుకుని పిలిచింది. కన్న బిడ్డని మరిచింది.

"పరిగెత్తు," అంది ముసలమ్మ. "నీళ్ళ మీద ఎండ ఉన్నంతసేపే పిలవాలి. ఎండ పోయాక పిలిస్తే పలికేది మనవాళ్ళే అని నమ్మకం లేదు."

గెల్మీ ఎవెలియో బల్ల దగ్గరికి వెళ్ళింది. సెనోతె గేటుకి అప్పటికే కొత్త తాళం పడింది, తాళంచెవి అతని పళ్ళెం పక్కనే ఉంది.

"తాళంచెవి ఇవ్వండి."

"ఇందాక అన్ని మాటలన్నావ్. ఇప్పుడు తాళంచెవి కావాలా? ముందు క్షమాపణ చెప్పు, అందరి ముందూ."

"నా బిడ్డ కిందుంది."

అతను లాండీ వైపు చూశాడు. "అదిగో కూర్చునుందిగా! పిచ్చి పట్టిందా నీకు?"

గెల్మీ తాళంచెవి లాక్కుంది. అతను మణికట్టు పట్టుకున్నాడు. ఆవిడ అతని పళ్ళెంలోని వేడి పులుసు అతని ఒళ్ళోనే కుమ్మరించి, పిల్లని ఎత్తుకుని పరిగెత్తింది. ఏడేళ్ళ పిల్ల... బరువే లేదు.

*

మెట్లు సగం దిగేసరికి అర్థమైంది. ఎండ దూలం పక్కకి ఒరిగిపోయింది. నీళ్ళ అంచున, రాతిని ఆనుకుని, అరచెయ్యంత వెలుగు మిగిలింది.

పిల్లని దింపి చెయ్యి పట్టుకుంది.

"లాండీ! పద పోదాం తల్లీ... ఇక్కడ ఉండిపోకు!"

పేరు గోడలకి తగిలి తిరిగొచ్చింది. నీళ్ళు కదల్లేదు. పక్షులు లేవు. చెట్ల వేళ్ళ కొసల నుంచి చుక్క... చుక్క...

వెలుగు అరచేతి నుంచి వేలంత అయింది.

"లాండీ! పద పోదాం! ఉండిపోకు!"

"వస్తున్నా అమ్మా..."

కింద నుంచి. లాండీ గొంతే. ఎప్పుడూ ఆట మధ్యలో పిలిస్తే విసుక్కుంటూ పలికే ఆ గొంతే.

గెల్మీ నీళ్ళవైపు చూసింది. వెలుగు లేదు. ఆ గొంతు పలికినప్పుడు ఉందా? అంతకుముందే పోయిందా? ఆవిడ చూడలేదు. మళ్ళీ చూడలేదు.

పొడి మెట్టు మీద తడి పాదం ముద్ర ఒకటి పడింది. చిన్నది. దాని పైమెట్టు మీద ఇంకోటి. ఎవరూ లేరు. టప్... టప్... ముద్రలు పైకొస్తున్నాయి.

ఆవిడ చేతిలో ఉన్న చెయ్యి ఉన్నట్టుండి వెచ్చబడింది.

"అమ్మా," అంది పక్కనున్న పిల్ల. కళ్ళలో నీళ్ళు. మిరపకాయ మంటకి పెదాలు ఉబ్బాయి. "నేనిక్కడే ఉన్నాగా. ఎవర్ని పిలుస్తున్నావ్?"

ముద్రలు మూడు మెట్ల కింద ఆగాయి.

"నన్నేగా పిలిచావ్," అంది అక్కడి గాలి. "ఆ పిల్ల చెయ్యి వదిలెయ్ అమ్మా."

"వద్దమ్మా," పక్కనుంచి వెక్కిళ్ళు. "దాన్ని రానివ్వకు. నాకు భయమేస్తోంది."

రెండూ ఒకటే గొంతు. గెల్మీకి భయం కంటే ముందు కోపం వచ్చింది. ఎవెలియో మీద, తాళం మీద, ఎంచుకోమంటున్న ఈ నీళ్ళ మీద, అన్నిటికంటే తన మీద. పొద్దున్నుంచీ అందరూ లెక్కపెట్టమనేవాళ్ళే. ఇంతమంది చాలు, మిగతావాళ్ళని వదిలెయ్ అనేవాళ్ళే.

"వదలను!" అని అరిచింది. "ఇవాళ ఒకసారి వదిలాను, చాలు. ఎవరైతే వాళ్ళు, నన్ను అమ్మా అన్నవాళ్ళందరూ నాతో రండి!"

ఖాళీగా ఉన్న రెండో చెయ్యి మెట్ల మీదికి చాచింది.

తర్వాత చల్లటి, తడి వేళ్ళు వచ్చి ఆవిడ చూపుడువేలు పట్టుకున్నాయి.

పైదాకా మెట్లన్నీ వెనక్కి చూడకుండా ఎక్కింది. గేటు దగ్గర ఎవెలియో, పులుసు మరకలతో, తిట్టడానికి సిద్ధంగా నిలబడి ఉన్నాడు. ఆవిణ్ణి చూసి గోడకి అతుక్కుని దారిచ్చాడు. గెల్మీ, కుడిపక్కన లాండీ దాటిపోయాక కూడా గోడకి అతుక్కునే ఉన్నాడు. పెదాలు మాత్రం కదిలాయి. ఒకటి... రెండు... అక్కడ ఆగలేదు.

పాక దగ్గర ఫిదెన్సియా లాండీని దగ్గరికి లాక్కుని, కళ్ళు చూసింది, అరచేతులు చూసింది. "మనదే," అని గట్టిగా ఊపిరి వదిలింది. తర్వాత గెల్మీ ఎడమచేతి వైపు చూసింది. అది ఇంకా పిడికిలి బిగించే ఉంది.

"ఏ చేత్తో తెచ్చావే?"

"రెండు చేతులతో," అంది గెల్మీ.

ముసలమ్మ మిగిలిన పిండి మీద గుడ్డ కప్పేసి, నిప్పు ఆర్పేసింది.

సాయంత్రం ఇంట్లో లాండీ ఎప్పటిలాగే వాగింది. నీళ్ళలో వందదాకా లెక్కపెట్టానంది, చేప కరిచిందంది, మిరపకాయ ఎందుకు పెట్టావని దెబ్బలాడింది. రెండు పళ్ళేలు తింది. వాకిట్లో ఇంకా వెలుగుండగానే నిద్రకి ఆగలేక ఊయల మంచంలోకి ఎక్కింది. ఎప్పుడూ నేలకి రెండు మూరల ఎత్తున ఆగే ఊయల ఈసారి దాదాపు నేల తాకింది. దూలం కిర్రుమంది.

గెల్మీ కింద కూర్చుని, తాడు పట్టుకుని ఊపుతోంది. భయపడాలని తెలుసు. భయం రాలేదు. సోమవారం ఊరందరినీ కూడగట్టి ఆ తాళం పగలగొట్టాలని ఆలోచిస్తోంది. ఊయల్లోంచి ఊపిరి వినిపిస్తోంది. ఒకటి పీల్చుకుంటున్నప్పుడు ఇంకోటి వదులుతోంది.

"అమ్మా," అంది లాండీ నిద్రమత్తులో. "ఈసారి ముందు నన్ను పిలువు."

"అలాగే తల్లీ."

ఊయల కొంచెం కదిలింది.

"కాదు," అంది అదే గొంతు, ఊయల రెండో కొస నుంచి. "ముందు నన్ను."